పైన మాట, కింద వేలు

"రానంటే రాను అనింది."

చీఫ్ వెంకటప్ప ఫోన్‌ను టమాటా బాక్సు మీద పడేశాడు. మదనపల్లె మార్కెట్ యార్డులో అతని మండీ వెనక గది అది. బయట వేలంపాట హోరెత్తిపోతోంది. ఆ హోరులో ఎంతటి రహస్యం మాట్లాడినా పక్కవాడికి టమాటా ధర తప్ప ఇంకేమీ వినపడదు. అందుకే సీక్రెట్ యూనిట్‌కు ఈ చోటు ఎంచారు. ఢిల్లీ ఫైళ్లలో వెంకటప్ప పేరు వేరు, హోదా వేరు. ఇక్కడ మాత్రం అతను మండీ ఓనర్. వ్యాపారంలో నిజంగానే నష్టపోతున్నాడు కాబట్టి కవర్ మీద ఎవరికీ అనుమానం రాలేదు.

ఎదురుగా నిలబడినది ఏజెంట్ మునిలక్ష్మి. పెద్దపంజాణి మనిషి. మొహం చూస్తే బ్యాంకులో టోకెన్ పట్టుకుని కూచున్న ఆడమనిషిలా ఉంటుంది. ఆ మొహాన్ని నమ్మి ముగ్గురు విదేశీ ఏజెంట్లు ఇప్పటికే జైల్లో ఉన్నారు.

"ఎవరు సార్ రానంటాండేది?"

"పుంగనూరు వెంకటరత్నమ్మ. మన బార్డర్ పోస్టులు మాట్లాడుకునే వైర్‌లెస్‌కు తాళం కట్టిన ఇంజనీరు. రిటైరైపోయింది. ఆ తాళానికి రెండు నంబర్లమ్మా. ఒకటి తెరిచేది, ఇంకోటి పట్టించేది. రెండూ ఆయమ్మ తలకాయలో తప్ప యాడా లేవు."

"పట్టించేదంటే?"

"తెరిచే నంబరు పరాయోడు కొడితే మన పోస్టుల మాటలన్నీ వాని చేతికి పోతాయి. పట్టించే నంబరు కొడితే వాని మెషీనే మనకు తెరుసుకుంటాది. వాని మనుషులు, వాని ఊర్లు, అంతా బయటపడతాది. ఈ పొద్దు సాయంత్రం ఆరుకు తాళం కొత్త చేతికి మారాల. ఒక్క నిమిషం టైమిస్తాది. ఆ నిమిషంలో మనోళ్లు నంబరు కొట్టాల. ఆ నిమిషం కోసమే ఇంకో గ్యాంగు కాసుకోని ఉండాది."

"మరి ఆయమ్మ వచ్చి చెప్పకూడదా?"

వెంకటప్ప నిట్టూర్చాడు. "బెంగళూరుకు రమ్మంటే ఏమనిందో తెలుసునా? ముప్పై ఏండ్లు చీమ చిటుక్కుమనని గదిలో పని చేసినాను, ఇంక నా ఇంట్లో నేను పాటలు వింటా, కావాల్సినోళ్లే నా గడప కాడికి రండి అనింది. దానికి తోడు కొత్త వైర్‌లెస్ స్పీకర్లు కావాలంట. సరేలే అని మన ఆడియో ఎక్స్‌పర్ట్ నరేంద్రను పంపినా. వాడే ఎంచి, వాడే చెక్ చేసి పెడతాండాడు."

"నంబరు నేను తేవాలంటారు."

"అంతే. ఇంకో మాట. ఆ ఇంట్లోనుంచి తెరిచే నంబరు బయటికి పొక్కిందంటే, ఆయమ్మను గార్డు క్వార్టర్‌లో పెట్టమని ఆర్డరు. బతికినంత కాలం. రేడియో లేదు, ఫోన్ లేదు, పాట అసలే లేదు."

"ఆ సంగతి ఆయమ్మకు తెలుసునా?"

"చెప్పినా. అట్లయినా రాను అనింది."

చూడకముందే ఆ ముసలామె మునిలక్ష్మికి నచ్చేసింది.

* * *

పుంగనూరు బస్సెక్కే ముందు ఆమె జబ్బార్ సౌండ్ సర్వీస్‌లోకి దూరింది. అబ్దుల్ జబ్బార్ యూనిట్‌కు గ్యాడ్జెట్లు చేసి ఇస్తాడు. ఊరికి మాత్రం పాత యాంప్లిఫయర్లు బాగుచేసే జబ్బార్ చాచా.

"స్పీకర్లంటే ఏం చూడాల చాచా? నాకు పాట మోగితే చాలు, ఇంకేమీ తెలీదు."

"అట్లాంటోళ్ల వల్లనే బేటీ నా వ్యాపారం నడిచేది." జబ్బార్ కళ్లద్దాలు తుడుచుకున్నాడు. "డబ్బా మీద వాట్లు చూసి కొనొద్దు, అది గప్పాలు. నీకు బాగా తెలిసిన పాట ఒకటి పెట్టించుకో. అందులో తబలా ఒకచోట, గొంతు ఒకచోట తెలుస్తే మంచిది. అంతా ముద్దగా వస్తే వాపస్. ఇంక పెట్టేది. జత స్పీకర్లు గోడకు అంటించకూడదు, మూరెడన్నా ఎడం ఉండాల. చెవి ఎత్తులో, ముందరపక్క. వాటి నడిమి ఎంత దూరమో, మనిషి కూడా వాటికి అంతే దూరంలో కూచోవాల."

"దొంగ స్పీకరైతే?"

"పాట ఆపి చప్పట్లు కొట్టు. వైఫై డబ్బా లైటు టపటపా కొట్టుకుంటే, అది పాడే స్పీకరు కాదు, వినే స్పీకరు."

తర్వాత అతను టమాటా పండంత ఎర్రటి స్పీకరు ఒకటి ఆమె చేతిలో పెట్టాడు. "ఇది ఒకసారి యా ఫోనుకు తగులుకుంటే మళ్లీ వదలదు. ఆ ఫోనుకు కాల్ వస్తే మాట వాని చెవికి పోదు, దీంట్లోకి వస్తాది."

"మా ఇంట్లో రోజూ అదే కదా చాచా. మా ఆయన హాల్లో ఫోనెత్తితే అవతలోళ్ల మాట వంటింట్లో మోగుతాది."

"అదే. ఇంట్లో దాన్ని తలనొప్పంటారు. డిపార్ట్‌మెంట్‌లో గ్యాడ్జెట్ అంటారు."

* * *

గూఢచారి కథల్లో గ్లామరంతా ఆడవాళ్లకే పంచిపెట్టడం ఆనవాయితీ. ఈ మిషన్‌లో మాత్రం అది నరేంద్రకు పోయింది. తెల్ల లినెన్ చొక్కా, మెత్తటి గడ్డం, గదిలోకి అతనికంటే ముందు వచ్చే సెంటు. పుంగనూరులో వెంకటరత్నమ్మ ఇంట్లో అతను అప్పటికే స్పీకర్లు బిగించేసి ఫోన్‌లో పాట వెతుకుతున్నాడు.

వెంకటరత్నమ్మ పొట్టి మనిషి. జుట్టు తెల్లగా, గొంతు కరుకుగా ఉంటుంది. కిటికీ బయట ఆమె పుంగనూరు పొట్టి ఆవులు గడ్డి నములుతున్నాయి.

"నువ్వేనా చీఫ్ పంపిన ఆయమ్మి? యా ఊరు?"

"పెద్దపంజాణమ్మా."

"మీ నాయన?"

"పశువుల సంతలో దళారి."

వెంకటరత్నమ్మ కళ్లు ఒక్క క్షణం ఆమె మీద నిలిచాయి. "మా నాయన కూడా అదే పని. ఆ దుడ్డుతోనే నన్ను ఇంజనీరింగు చదివించినాడు. కూచో."

పాట మొదలైంది. వెంకటరత్నమ్మ కుర్చీలో వెనక్కి వాలి కళ్లు మూసుకుంది. రెండు చరణాలు విన్నాక కళ్లు తెరిచి, నవ్వి, "బాగుండాది నాయనా" అంది. ఆ నవ్వు కళ్ల దాకా పోలేదు.

మునిలక్ష్మి గది చూసింది. ఒక స్పీకరు కుర్చీ వెనక, గోడకు అతుక్కుని ఉంది. రెండోది కుర్చీ పక్కన ఫోన్ బల్ల మీద, ఆ ముసలామె నోటికి జానెడు దూరంలో ఉంది. ముందరపక్క గోడంతా ఖాళీ. జబ్బార్ చెప్పిన దాంట్లో ఒక్కటీ ఇక్కడ లేదు. ఎక్స్‌పర్ట్ అనేవాడికి ఇంత చిన్న సంగతి తెలీకుండా పోదు. పాట వినడానికి పెట్టినవాడు ఇట్లా పెట్టడు. మనిషి మాట వినడానికి పెట్టినవాడే ఇట్లా పెడతాడు.

పాట అయిపోయింది. గదిలో దోమ లేదు. అయినా మునిలక్ష్మి దోమను కొట్టినట్టు ఠప్పున చప్పట్లు చరిచింది. అటక మీద వైఫై డబ్బా లైటు టపటపా కొట్టుకుంది. ఆమె గుండె కూడా అంతే పని చేసింది. నరేంద్ర మనవాడు కాదు. యూనిట్ జీతం తింటూ అవతలి గ్యాంగుకు పని చేస్తున్నాడు. ఇప్పుడు ఈ ముసలామె నోరు తెరిచి నంబరు చెబితే తాళమూ పోతుంది, ఆమె ఇల్లూ పోతుంది. చెప్పొద్దంటే ఆ మాట కూడా వాళ్లు వింటారు. నరేంద్ర ఎదురుగానే కూచుని కాలు ఊపుతున్నాడు.

అప్పుడు వెంకటరత్నమ్మ లేచింది. దండెం మీది తువాలు తీసి భుజాన వేసుకుంది.

"అమ్మణ్ణీ, వచ్చిన పని తర్వాత. ముందు ఆ పెయ్యను సూడు. అమ్ముదామనుకుంటాండా. దళారి బిడ్డవి, బేరం జేస్తావా?"

మునిలక్ష్మికి పెయ్యదూడ అక్కర్లేదు. ఆమె ఉండేది మేడ మీద అద్దె ఇంట్లో. కానీ తువాలు చూడగానే నాయన మాట చెవిలో మోగింది. పైన మాట పరాయోళ్లకు, కింద వేలు మనోళ్లకు. సంతలో ధర నోటితో చెప్పరు. తువాలు కింద చేతులు కలుపుతారు. ఎన్ని వేళ్లు పట్టుకుంటే అంత అంకె. చుట్టూ ఉన్నవాళ్లు వినేదంతా పళ్ల గురించి, నడక గురించి ఉత్తుత్తి సణుగుడే.

"సూద్దాం రామ్మా" అంటూ కుర్చీ దగ్గరికి లాక్కుంది.

తువాలు పరిచారు. నరేంద్ర ఆసక్తిగా ముందుకు వంగాడు.

"దాని నడక నాకు నచ్చలే" అంది మునిలక్ష్మి పైకి.

"నడకకేమి? తిరపతి దాకా నడుస్తాది." కింద ముసలి వేళ్లు ఆమె మూడు వేళ్లను పట్టి నొక్కాయి. మూడు.

"కొమ్ము వంకర."

"కొమ్ముతో నీకేం పని? పాలు కొమ్ములోనుంచి వస్తాయా?" చెయ్యి మొత్తం పట్టి వదిలి, మళ్లీ చిటికెన వేలు. ఆరు.

"ధర నోటితోనే చెప్పచ్చు కదా మేడమ్?" నరేంద్ర నవ్వాడు.

"అది సంత మర్యాద కాదు నాయనా." వెంకటరత్నమ్మ అతని వైపు చూడనైనా లేదు. వేళ్లు ఆగలేదు. ఒక్కొక్క అంకెనూ మునిలక్ష్మి తిరిగి నొక్కి చూపింది. తప్పయితే ముసలామె గోరు గుచ్చేది. ఒకసారి గట్టిగానే గుచ్చింది. చివరి అంకె అయ్యాక తువాలు లాగేసి, అరచేతిలో అరచెయ్యి చరిచింది.

"కుదిరింది పో. ఇంక వెనక్కి తగ్గకూడదు." తర్వాత ఫోన్ బల్ల మీది స్పీకరు వైపు కొంచెం వంగి, బడిపిల్లలకు ఎక్కం చెప్పినంత స్పష్టంగా ఇంకో నంబరు చదివింది. "ఇదే నువ్వు అడగను వచ్చింది. మనసులో పెట్టుకో. నేను రెండోసారి చెప్పను."

నరేంద్ర గడియారం చూసుకున్నాడు. బెంగళూరులో క్లయింట్ మీటింగ్ ఉందన్నాడు. అతని కారు మాత్రం పలమనేరు వైపు తిరిగింది.

* * *

ఊరి చివర టమాటా లారీలో చీఫ్ కాచుకుని ఉన్నాడు. మునిలక్ష్మి అతని చెవిలో అసలు నంబరు చెప్పింది. తర్వాత నరేంద్ర సంగతి చెప్పింది. వెంకటప్ప నెత్తి కొట్టుకున్నాడు.

"వాణ్ని నేనే పంపిస్తినే. నా చేతుల్తో నేనే. ఉండు, దావలోనే పట్టిస్తా."

"వద్దు సార్. వాణ్ని ఇప్పుడు పట్టుకుంటే అవతలోడు జాగ్రత్తపడతాడు, ఆయమ్మ పైకి చదివిన పట్టించే నంబరు కొట్టడు. కొడితేనే కదా గ్యాంగంతా దొరికేది. స్పీకర్ల అట్టపెట్టె మీద కుప్పం షోరూమ్ పేరుండాది. నేను ఆడికి పోతా. మీ మనుషుల్ని షోరూమ్ ఎదురుగా లారీలో పెట్టండి."

"వాడు నంబరు కొట్టకపోతే?"

"కొట్టేదాకా ఆడ్నించి కదలను."

* * *

కుప్పం షోరూమ్ ఓనర్ పేరు విక్టర్. విదేశీయుడు. గ్రానైట్ కొనడానికి వచ్చానని చెప్పి, స్పీకర్ల వ్యాపారంలో దిగి, ఊళ్లోనే స్థిరపడిపోయాడు. గ్యాంగుకు ఈ ప్రాంతంలో అతనే తలకాయ. తెలుగు బజార్లో నేర్చాడు కాబట్టి సగం తమిళం కలిసేది.

సాయంత్రం అయిదు దాటాక అతని షాపులోకి శాంతిపురం రైతు భార్య ఒకామె వచ్చింది. నెత్తిన కనకాంబరాలు, చంకలో సంచి. పట్టుగూళ్లు అమ్ముకుని నేరుగా వచ్చానంది. ఆ వేషంలో మునిలక్ష్మిని వాళ్ల అమ్మ కూడా గుర్తుపట్టదు.

"స్పీకర్లు సూపించప్పా. పాత పాటలు వినేదానికి."

"ఇదు సూపర్ క్వాలిటీ అక్కా. వంద వాట్."

"వాట్లు గప్పాలంట. పాట పెట్టు." విన్నది. తల అడ్డంగా ఊపింది. "గుడుగుడు జాస్తి. ఇంకోటి."

ఇంకోటి పెట్టాడు. గొంతు ముక్కులోనుంచి వస్తోందంది. మూడోదాన్ని గోడకు మూరెడు జరపమంది. నాలుగోదాన్ని చెవి ఎత్తులో పెట్టమంది. విక్టర్ స్టూలెక్కాడు, దిగాడు, మళ్లీ ఎక్కాడు. సీక్రెట్ ట్రైనింగులో అతనికి చిత్రహింసలు తట్టుకోవడం నేర్పారు. కొనకుండా బేరమాడే ఆడమనిషి గురించి ఎవరూ చెప్పలేదు.

ఆరు దగ్గర పడుతోంది. "షాపు క్లోజ్ అక్కా. నాళైకి రా, రేపు."

"ఎందుకు పోతా? కొనేదానికి వచ్చినా. కొనేదాకా పోను." ఆమె కుర్చీలో ఇంకా దిట్టంగా కూచుని, సంచిలోనుంచి ఎర్రటి బుల్లి స్పీకరు తీసింది. "పోనీ ఇది సూడు. మా చెల్లెలు మీ అంగట్లోనే కొనిందంట. పాడలేదు. నీ ఫోన్‌లో పెట్టి సూపిస్తే పోతా."

వదిలించుకుంటే చాలని విక్టర్ తన ఫోన్‌కు దాన్ని తగిలించాడు. పాట ఖంగున మోగింది. "పాడుతాదే. సరి, కెళంబు, బయల్దేరు." పాట ఆపి, ఫోన్ పట్టుకుని వెనక గదిలోకి పరుగెత్తాడు. తగులుకున్న స్పీకరును ఫోన్‌లోనుంచి తీసేయాలన్న సంగతి అతనికి తట్టలేదు. ఎవరికి మాత్రం తడుతుంది? మునిలక్ష్మి సౌండు బాగా తగ్గించి, స్పీకరును సంచిలో వేసి, సంచిని చెవి దగ్గర పెట్టుకుంది. బయటికి మాత్రం పోలేదు.

సరిగ్గా అప్పుడే, పలమనేరులో సాయంత్రం దాకా గడిపి వెనక్కి మళ్లిన నరేంద్ర కారు గంగవరం దగ్గర ఆగిపోయింది. రోడ్డు నిండా ఎద్దులు. సంత ముగిసి జనం మళ్లుతున్నారు. అతను విసుగ్గా హారన్ కొట్టాడు. కారు పక్కనే ఇద్దరు రైతులు తువాలు కింద చేతులు కలిపి నిలబడ్డారు. ఒకడు ఎద్దు పళ్లను తిడుతున్నాడు, ఇంకొకడు పొగుడుతున్నాడు. ఇద్దరి నోళ్లలోనూ ఒక్క అంకె లేదు. తువాలు తీశాక మాత్రం దుడ్డు చేతులు మారింది.

పొద్దున పెయ్య బేరం ఎందుకు జరిగిందో నరేంద్రకు అప్పుడు తెలిసింది. అతను పుట్టింది కూడా ఈ జిల్లాలోనే. సంతకు మాత్రం ఎప్పుడూ పోలేదు, అక్కడ పేడ వాసనని. వెంటనే విక్టర్‌కు ఫోన్ కొట్టాడు.

వెనక గదిలో ఫోన్ మోగింది. విక్టర్ ఎత్తి, "హలో" అన్నాడు. ఏమీ వినపడలేదు.

"డోంట్ ఎంటర్ ఇట్. అది అసలు నంబరు కాదు. కొట్టొద్దు, విక్టర్, కొట్టొద్దు." నరేంద్ర గొంతు మునిలక్ష్మి సంచిలో బుసబుసలాడింది. ఆమె సంచిని గుండెలకు హత్తుకుంది. ఇన్నేళ్ల సర్వీసులో ఆమెకు ఇంత భయం ఎప్పుడూ వేయలేదు.

"హలో? హలో?" విక్టర్ విసుక్కుని కట్ చేశాడు. మళ్లీ మోగింది. ఈసారి ఎత్తలేదు. ఎదురుగా స్క్రీన్ మీద ఆ ఒక్క నిమిషం కరిగిపోతోంది. ఫోన్ మీద మెసేజ్ వచ్చిన శబ్దం మునిలక్ష్మి సంచిలో టింగుమంది. విక్టర్ ఫోన్ వైపు చెయ్యి చాపాడు. ఆమె గుమ్మంలోకి వచ్చి నిలబడింది.

"అప్పా, ఆ మూడోది ఎంతన్నావు?"

"పో అక్కా, పో" అని అరిచి, ఆమెను చూడకుండానే కీబోర్డు మీదికి తిరిగి చివరి అంకె కొట్టేశాడు.

స్క్రీన్ నల్లబడింది. తర్వాత దాని మీద పేర్లు పరుగెత్తడం మొదలెట్టాయి. అతని మనుషుల పేర్లు, ఊర్లు, అకౌంట్లు, అన్నీ. అవన్నీ మదనపల్లె మండీలో ఒక కంప్యూటర్‌లోకి దిగుతున్నాయి. అదే నిమిషంలో మన వాళ్లు అసలు నంబరు కొట్టి తాళం చేతికి తీసుకున్నారు. విక్టర్ తలెత్తేసరికి శాంతిపురం రైతు భార్య చేతిలో సంచికి బదులు పిస్తోలు ఉంది.

"మూడోది బాగుండాది గానీ, మీ సర్వీసే సరిలేదప్పా" అంది ఆమె.

లారీలోని మనుషులు లోపలికి వచ్చారు. నరేంద్రను గంగవరంలో పట్టుకోవడానికి ఎవరూ శ్రమపడలేదు. ఎద్దులు కదిలేదాకా అతను కారులోనే ఉన్నాడు.

* * *

మర్నాడు పుంగనూరులో జబ్బార్ ఆ స్పీకర్ల కడుపు కోసి మైకులు పీకేశాడు. రెండింటినీ ముందరి గోడకు మూరెడు ఎడంగా, చెవి ఎత్తులో నిలబెట్టాడు. వెంకటరత్నమ్మ కుర్చీని తానే కొలిచి వేసుకుంది. పాట మొదలైంది. తబలా ఒకచోట, గొంతు ఒకచోట, గది మొత్తం నిండిపోయింది.

"అమ్మా, ఇంకా కొన్నాళ్లు బెంగళూరులో ఉంటే మంచిదని పైనోళ్లు..." వెంకటప్ప మొదలెట్టాడు.

"వినపళ్లేదు నాయనా" అని ఆమె సౌండు ఇంకా పెంచింది. "ముప్పై ఏండ్లు మీరు చెప్పినట్ల ఊరుకున్నా. గాలి సద్దు కూడా వినలే. ఇది నా ఇల్లు, ఇవి నా చెవులు. మీ పైనోళ్లకు కావాలంటే వాళ్లనే వచ్చి వినమను."

ఆమె కళ్లలో నీళ్లు తిరిగాయి. తుడుచుకోలేదు. మునిలక్ష్మి ఆమె పక్కన నేల మీద కూచుని పాట అయ్యేదాకా కదల్లేదు. ఆ తర్వాత వెంకటప్ప ఆ ఆర్డరు సంగతి మళ్లీ ఎత్తలేదు. ఢిల్లీకి ఏమని రాశాడో గానీ, ఆమెను తీసుకుపోవడానికి ఎవరూ రాలేదు.

వెళ్లేటప్పుడు వెంకటరత్నమ్మ పలుపు తెచ్చి మునిలక్ష్మి చేతిలో పెట్టింది. పలుపు రెండో చివర వంకర కొమ్ము పెయ్యదూడ ఉంది.

"అమ్మా, అది నాటకం కదా?"

"తువాలు కింద చేతులు కలిసినాక నాటకమేంది? మీ నాయన్ను అడుగు."

అడగనక్కర్లేదని మునిలక్ష్మికి తెలుసు. సంతలో కుదిరిన బేరం తప్పితే ఆ ఇంటి పేరు మళ్లీ ఎవరూ నమ్మరు. వెంకటప్ప ఆమెను చూశాడు, దూడను చూశాడు, లారీ వెనక తలుపు తెరిచాడు.

ఇప్పుడు ఆ పెయ్య మదనపల్లె మండీ వెనక గదిలో ఉంది. ఈ మిషన్ రిపోర్టు ఢిల్లీకి ఇంకా చేరకపోవడానికి కారణం శత్రు గూఢచారులేమో అని పైవాళ్లు అనుమానిస్తున్నారు. దాన్ని ఎవరు నమిలారో చీఫ్‌కు తెలుసు గానీ, ఏజెంట్ల పేర్లు బయటపెట్టడం రూల్స్‌కు విరుద్ధం.